పెంటకుప్ప మీద దొరికిన పేరు

నా చిన్నప్పుడు, ఇంకా ఏడేళ్లు నిండకముందే, నేను యముణ్ని ఉత్త చేతులతో మా పెరట్లోంచి తరిమేశాను. ఇప్పుడు ఫిల్మ్ నగర్ అంటున్న ఈ గుట్టల కింద అప్పట్లో పట్టుమని పది ఇళ్లుండేవి. పైనంతా బండలు, బండల సందుల్లో సీతాఫలం చెట్లు. ఆ బండల మీంచి ఒక చిరుతపులి దిగింది. మా పెంటకుప్ప మీద, చాటలో, పురిటి బిడ్డ, నా చెల్లెలు పడుకుని ఉంది. అటునుంచి పులి, ఇటునుంచి నేను. పులి ఒక అడుగు వేసింది. నేను రెండు వేశాను. చెల్లెల్ని ఎత్తుకుని దాని కళ్లలోకి చూశాను. తోక ముడుచుకుని వెళ్లిపోయింది.

ఈ ముచ్చట నేను ఏళ్ల తరబడి చెబుతున్నాను. మద్రాసు నుంచి సినిమావాళ్లు వచ్చి ఇక్కడ ఇళ్లు కట్టుకున్నప్పటి నుంచి, ప్రొడక్షన్ ఆఫీసుల్లో కుర్చీ వేసి, టీ తెప్పించి మరీ చెప్పించుకున్నారు. ఒక రచయితగారు చేతులు నలుపుకుంటూ, “అంతా బాగుంది గానీ, పెంటమ్మ అన్న పేరుకు అర్థం ఏంటండీ?” అని అడిగారు. పెంటమ్మ మా చెల్లెలి పేరు. గోల్కొండ కోటలో పూర్వం ఆ పేరుతో ఒక రాణి ఉండేదని చెప్పాను. ఆయన నమ్మారు. నమ్మే మనిషి ఎదురుగా ఉంటే నా నోరు ఆగదు.

ఆ నోటికి ఇప్పుడు ముప్పు వచ్చింది. మా చెల్లెలి మనవరాలికి మొన్న ఆడపిల్ల పుట్టింది. గుట్టకు అవతల అద్దాల మేడలు లేచాక మా పిల్లలందరూ అటే నడిచారు. ఈ పిల్లదీ సాఫ్ట్‌వేర్ ఉద్యోగమే. సెలవు పెట్టిందని పేరే గానీ ఒక తొడ మీద పాప, ఒక తొడ మీద ల్యాప్‌టాప్. వాళ్ల ఆఫీసులో ఇప్పుడు పిల్లలకు ముత్తవ్వల పేర్లు వెతికి పెట్టుకోవడం మోజట. అత్తగారివాళ్లు రెండక్షరాల పేర్లు వరసగా రాసుకొస్తే అన్నీ పక్కన పెట్టి, తన అమ్మమ్మ పేరే పెడతానని కూర్చుంది. నా దగ్గరికి వచ్చింది.

“తాతా, గోల్కొండల గసొంటి రాణి ఎవ్వలు లేరు. నెట్టంతా వెతికిన.”

“మన గోల్కొండ మొత్తం నెట్ల పడ్తదా బిడ్డా?” అన్నాను.

“మరి చిరుతపులి?”

నేను టీ తాగుతూ కూర్చున్నాను. పక్క పోర్షన్ గుమ్మంలో కూర్చుని చిక్కుడుకాయలు తుంచుతున్న మా చెల్లెలు తల ఎత్తకుండానే అంది: “పారేసిన పిల్లకు పెట్టిన పేరే అది. మీ అత్తగారోళ్లు గంత మంచి మంచి పేర్లు తెస్తుంటే, పసిదాని మెడకు గీ పేరెందుకు? నాతోటే పోనీ.”

మనవరాలికి కళ్లలో నీళ్లు తిరిగాయి. కానీ అది మా ఇంటి పిల్ల, అంత తేలిగ్గా వదలదు. నావైపు వేలు చూపించింది. “ఆదివారం నామకరణం. గీ లోపల ఉన్నది ఉన్నట్టు రాయి. అమ్మమ్మ ముందర కూసోని చదువు. అంతా విన్నంక గూడ ఆమె వద్దంటే మా అత్తమ్మ చెప్పిన పేరే పెడ్త. కాయితంల ఒక్క పులి కనపడ్డా ఊకోను, చెప్తున్న.”

అప్పటి నుంచి నాకు నిలకడ లేదు. రాయడానికి కూర్చుంటే లేవాలనిపిస్తుంది, లేస్తే ఎందుకు లేచానో తెలియదు. వీధిలో స్టూడియో వ్యాను హారన్ కొడితే కిటికీ దగ్గరికి వెళతాను, వెనక్కి వచ్చేసరికి రాస్తున్న వాక్యం పోతుంది. నిజం రాయడం నాకు అలవాటు లేని పని. ముందు పులిని తీసేస్తున్నాను. అక్కడ పులి లేదు. గోధుమరంగు కోడి ఒకటి, కుప్ప మీద గింజలు ఏరుకుంటూ ఉంది. అదే నా చిరుత.

ఇక మిగతాది.

మా అమ్మకు నా తర్వాత ముగ్గురు పుట్టారు. ఎవరూ నిలవలేదు. పేరు పెట్టేదాకా కూడా ఎవరూ ఆగలేదు. ప్రతిసారీ దూలానికి చీర ఉయ్యాల కట్టేవారు, కొన్నాళ్లకు విప్పేసేవారు. ఆ దూలం మీద తాడు ఒరిసిన చోట నున్నగా మెరిసేది. పడుకుని పైకి చూస్తే నాకు అదే కనిపించేది. ఇంట్లో ఎవరూ ఆ ముగ్గురి సంగతి ఎత్తేవారు కాదు. మా నాన్న పొలం నుంచి వచ్చి, తిని, గోడకు ఆనుకుని కూర్చునేవాడు. అమ్మ నన్ను కూడా దగ్గరికి తీసుకోవడం తగ్గించేసింది. తను ముట్టుకుంటే నాకేమవుతుందోనని భయమని చాలా ఏళ్లకు గానీ నాకు తెలియలేదు.

మళ్లీ కడుపుతో ఉందని తెలిసినప్పుడు సంతోషపడింది నేనొక్కడినే. పిల్లకు పేరు కూడా సిద్ధం చేసి పెట్టుకున్నాను. జాతరలో చూసిన భాగోతంలో కిరీటం పెట్టుకుని వచ్చిన రాణి పేరు రత్నమాల. ఆడపిల్ల పుడితే అదే పేరని ఊరంతా చెప్పుకుంటూ తిరిగాను. మా నాయనమ్మ విని నన్ను రెక్క పట్టుకుని లోపలికి లాగింది. అరచేత్తో నా నోరు మూసింది. “పేరు ఎత్తకు కొడుకా. ఎవ్వల తోటి అనకు,” అంది. నాకు కోపం వచ్చింది. పేరు చెబితే తప్పేమిటో అర్థం కాలేదు.

ఆడపిల్లే పుట్టింది. నన్ను లోపలికి రానివ్వలేదు. ఇంట్లో పెద్దవాళ్లు గుసగుసలాడుకోవడం, నేను వెళితే ఆపేయడం. పక్కింటి పెద్దమ్మ గోడ అవతలి నుంచి వచ్చి నాయనమ్మతో ఏదో మాట్లాడి వెళ్లడం. ఈ పెద్దమ్మకు ఇంటినిండా పిల్లలు, అందరూ బలంగా ఉండేవారు. ఒకడు నడుము మీద, ఒకతి కొంగు పట్టుకుని, మిగతావాళ్లు వెనకాల. పెద్ద గొంతు. ఆమె నవ్వితే మా ఇంట్లో గిన్నెలు కదిలేవి. అలాంటి మనిషి ఆ రోజుల్లో మా ఇంటికి వచ్చినప్పుడు మాత్రం గొంతు తగ్గించేది. దాంతో నాకు ఇంకా భయం పట్టుకుంది.

ఆ రోజు పొద్దున నేను పెరట్లో నీళ్ల గోలెం వెనక నక్కి ఉన్నాను. నాయనమ్మ బయటికి వచ్చింది. చేతుల్లో చాట. చాటలో నా చెల్లెలు. కొత్త గుడ్డ పెట్టెలో ఉందని నాకు తెలుసు, కానీ పిల్లకు చుట్టింది మా నాన్న చిరిగిన ధోవతి ముక్క. కాటుక లేదు, చుక్క లేదు. నాయనమ్మ నేరుగా పెంటకుప్ప దగ్గరికి నడిచింది. పేడ, బూడిద, ఊడ్చిన చెత్త వేసే కుప్ప. దాని మీద చాట పెట్టింది. పెట్టి, ఆకాశం వైపు మొహమెత్తి, ఊరంతా వినిపించేలా అరిచింది. “గీ పిల్ల మాకొద్దు! మాకు అక్కెర లేదు! పారేస్తున్నం!”

పారేస్తున్నాం అన్న మాట నా చెవిలో పడింది. ఆమె వెనక్కి తిరిగి ఇంటివైపు నడిచింది. ఒక్కసారి కూడా తిరిగి చూడలేదు. అప్పుడే ఆ కోడి కుప్ప ఎక్కింది. నేను దాన్నే చూస్తున్నాను. గెలుకుతూ గెలుకుతూ చాట దగ్గరికి వెళుతోంది. నా కాళ్లు ఆగలేదు. పరుగెత్తాను. కోడిని తన్నాను. చెల్లెల్ని చాటలోంచి లాగి గుండెకు అదుముకున్నాను. నా జన్మలో అంత గట్టిగా దేన్నీ పట్టుకోలేదు. పిల్ల ఏడుపు, నా ఏడుపు, కోడి గోల, మూడూ కలిసిపోయాయి.

నేను పిల్లను కాపాడాననే అనుకున్నాను. నిజానికి చేసింది అంతా చెడగొట్టడం.

పుట్టినవాళ్లు పుట్టినట్టే పోతున్న ఇంట్లో ఒక ఉపాయం చేసేవారు. చావుకు ఆ ఇంటి గుమ్మం అలవాటైపోయింది కాబట్టి, దాన్ని మోసం చేయాలి. ఈ పిల్ల మాది కాదు, మాకు వద్దు అని చాటి, పెంటకుప్ప మీద పెట్టి, తిరిగి చూడకుండా వచ్చేయాలి. తిరిగి చూస్తే ఆశ ఉన్నట్టే, మోసం బయటపడ్డట్టే. పిల్లల తల్లి ఒకతి ఏమీ తెలియనట్టు అటు వచ్చి, దొరికింది కదా అని ఎత్తుకుని తన ఇంటికి తీసుకుపోవాలి. తరవాత కన్నవాళ్లు ఆమె దగ్గర ఇంత తవుడు పోసి కొనుక్కోవాలి. అప్పుడది కొన్న పిల్ల. ఆ ఇంట్లో పుట్టింది కాదు. చావు వచ్చి అడిగినా, ఈ ఇంట్లో పుట్టిన పిల్లలెవరూ లేరు అని చెప్పొచ్చు. ఆ ఉపాయంలో ఒకటే నియమం. ఇంటివాళ్లు మాత్రం ఎత్తుకోకూడదు.

ఇంటివాణ్ని నేను ఎత్తుకున్నాను. నా ఏడుపు వినగానే నాయనమ్మ గుమ్మం దగ్గర ఆగిపోయింది. ద్వారబంధం పట్టుకుంది. నాకు ఆమె వీపే కనిపిస్తోంది. అలాగే నిలబడి, “ఎవడురా అది? పోరడేనా? అయిపాయె, అంత అయిపాయె,” అంటూ గుమ్మంలోనే కూలబడింది. లోపల అమ్మ ఏడుపు మొదలైంది. ఎవరూ నన్ను కొట్టలేదు. కొట్టి ఉంటే బాగుండేదనిపించింది.

పక్కింటి పెద్దమ్మ గడ్డివాము చాటు నుంచి బయటికి వచ్చింది. పిల్లను ఎత్తుకోవడానికి ముందే వచ్చి అక్కడ నిలబడి ఉందన్నమాట. నన్ను చూసింది, చంకలో పిల్లను చూసింది, గుమ్మంలో కూలబడ్డ నాయనమ్మను చూసింది. ఆ చూపు ఇప్పటికీ నాకు గుర్తుంది. లెక్క తప్పినప్పుడు మనుషులు అలా చూస్తారు. తరవాత నడుము మీద చేతులు పెట్టుకుని, నా చెవి పట్టుకుని మెలిపెట్టి, తన పెద్ద గొంతుతో ఆకాశానికి చెప్పినట్టు అరిచింది.

“ఓయమ్మో! గీ కుప్ప మీద ఇద్దరు దొరికిండ్రు నాకు! ఒకటి పొల్ల, ఒకడు పోరడు! ఎవ్వల పిల్లలో ఏమో, దిక్కులేనట్టున్నరు! నేను తీస్కపోతున్న!”

నేను, “పెద్దమ్మా, నేను! నేను!” అంటున్నాను. “నువ్వెవలో నాకెర్క లేదు. నడువ్,” అంది.

అలా ఆ పొద్దున నన్ను కూడా పారేశారు. యముణ్ని తరిమినవాణ్ని చెవి పట్టుకుని గోడ దాటించారు.

ఆమె ఇంట్లో పిల్లకు పాలిచ్చింది. చంటివాడికి ఒకవైపు, మా చెల్లెలికి ఒకవైపు. నన్ను తన పిల్లల వరసలో కూర్చోబెట్టి జొన్న గటక పెట్టింది. వాళ్లు నన్ను మోచేతులతో పొడుస్తూ, “మనకొక కొత్త తమ్ముడు దొరికిండే,” అని నవ్వుతున్నారు. ఇంటికి పోతానని లేస్తే, “ఏ ఇంటికి? నువ్వు దొరికిన పోరనివి,” అంటున్నారు. మా ఇంటి పొగ గోడ మీంచి కనిపిస్తోంది. అంత దగ్గరగా ఉన్న ఇల్లు అంత దూరంగా నాకు మళ్లీ ఎప్పుడూ అనిపించలేదు. కూర్చుంటాను, లేస్తాను, గోడ దాకా వెళతాను, వెనక్కి వస్తాను.

చివరికి పెద్దమ్మ పిడకలు కొడుతూ నన్ను పక్కన కూర్చోబెట్టుకుంది. అప్పుడు గొంతు తగ్గించింది. “మీ నాయనమ్మ పారేసిందనుకున్నవా? పారేయలేదు కొడుకా, దాసిపెట్టింది. దొంగ తిరుగుతున్నప్పుడు బంగారం ఎక్కడ పెడ్తరు? చినిగిన గుడ్డలల్ల మూటకట్టి పొయ్యి మూలకు పడేస్తరు. రాణి పేరు పెట్టి ఊరంత తిప్పుతవా?” అంది. ఒక పిడక కొట్టి మళ్లీ అంది. “ఆమె నోటితోటి వద్దన్నది గద. ఆ మాట అననీకె ఎన్ని దినాలు ఏడ్చిందో నాకెర్క.”

పశువులు ఇంటికి వచ్చే వేళకు నాయనమ్మ తవుడు తీసుకుని వచ్చింది. గుమ్మం బయటే నిలబడి, పరాయి మనిషిలా, “మీ ఇంట్ల ఒక పిల్ల ఉన్నదట, అమ్ముతరా?” అని అడిగింది. పెద్దమ్మ బేరం చేసింది. కొంచెం ఎక్కువ తవుడు పోయించుకునే దాకా వదల్లేదు. తక్కువకు ఇస్తే అక్కరలేని సరుకని తెలిసిపోతుందేమో మరి! తరవాత పిల్ల చెవిలో, దొరికిన చోటు పేరే పెట్టింది. “పెంటమ్మా, పెంటమ్మా, పెంటమ్మా.”

నేను ఎదురుచూస్తున్నాను. “పోరడో?” అంది పెద్దమ్మ.

“వాని కోసం నేనేం తేలే. ఉంచుకో,” అంది నాయనమ్మ.

“అమ్మో, నాకొద్దు. గంజెడు గటక తిన్నడు. నేనే ఎదురిస్త, తీస్కపో,” అని, నాయనమ్మ పోసిన తవుడులోంచే ఒక దోసెడు తీసి నా చొక్కా ఒడిలో పోసింది. చెల్లెల్ని తవుడు పోసి కొన్నారు. నన్ను తవుడు ఎదురిచ్చి వదిలించుకున్నారు. ప్రొడక్షన్ ఆఫీసుల్లో ఈ భాగం నేను ఎప్పుడూ చెప్పలేదు.

పిల్ల బతికింది. ఉపాయం పారిందో, పెద్దమ్మ పాలు పడ్డాయో, దాని ఆయుష్షు గట్టిదో నాకు తెలియదు. ఉయ్యాల ఈసారి విప్పలేదు.

మా చుట్టుపక్కల ఊళ్లలో పెంటమ్మలు, పెంటయ్యలు చాలామంది ఉండేవారు. ఎర్రగడ్డ సంతలో ఎవరైనా ఆ పేరు పెట్టి పిలిస్తే నలుగురు తిరిగి చూసేవారు. ఆ పేరు విని నవ్వేవాళ్లు ఇప్పుడు ఎక్కువ. నాకు మాత్రం అది వినిపించినప్పుడల్లా దాని వెనక పేరు లేకుండా పోయిన ఇద్దరో ముగ్గురో కనిపిస్తారు. ఏ ఇంట్లోనూ మొదటి బిడ్డకు ఆ పేరు పెట్టరు. అన్ని ఆశలూ పోయాక, మిగిలిన ఒక్క ఆశనూ దాచుకోవడానికి పెట్టిన పేరది. రత్నమాల అన్న పేరు ఎవరికైనా పెట్టొచ్చు. దానికి ఒక పూట సరదా చాలు.

మా చెల్లెలికి ఆ పేరుతో బతకడం సులువు కాలేదు. సినిమావాళ్లు వచ్చాక స్టూడియోలో దుస్తుల విభాగంలో జాకెట్లకు హుక్కులు కుట్టే పనికి కుదిరింది. కోస్తా నుంచి వచ్చిన అక్కడి పెద్దాయనకు ఆ పేరు నోటికి రాలేదు. “పద్మగారూ అని పిలుస్తామండీ, ఏమీ అనుకోకండి,” అన్నారట. మధ్యాహ్నం దాకా పలికింది. అన్నం తిన్నాక వెళ్లి, “సారు, నా పేరు పెంటమ్మ. పిలిస్తే గట్ల పిలువుండ్రి, లేకుంటే ఏయ్ అనుండ్రి. పద్మ ఎవలో నాకు తెల్వదు,” అని చెప్పి వచ్చింది. అంత చెప్పిన మనిషి ఇప్పుడు ముని మనవరాలికి వద్దంటోంది. తను మోసింది వేరు, పసిదానితో మోయించడం వేరు అనుకుంటోందేమో.

ఆ రోజు నుంచి నాతో ఉండిపోయింది ఒకటి ఉంది. నాయనమ్మ వీపు. ప్రాణం కుప్ప మీద పెట్టి, తిరిగి చూడకుండా నడిచిన ఆ వీపు. ప్రేమ ఉన్నవాళ్లు తిరిగి చూడరని, చూస్తే చెడు జరుగుతుందని నాలో పాతుకుపోయింది. పసిపిల్లల్ని చూసి ముద్దుగా ఉన్నారని ఈ రోజుకూ అనను. నా కూతుర్ని అత్తారింటికి పంపిన రోజు కారు కదలకముందే లోపలికి వచ్చేశాను. నా భార్యను ఆపరేషన్ గదిలోకి తీసుకువెళుతుంటే గోడవైపు తిరిగి నిలబడ్డాను. ఆమె బాగానే బయటికి వచ్చింది. వచ్చాక, “ఒక్కపాలి చూస్తే నీ సొమ్మేం పోయేది?” అని అడిగింది. చూడకపోవడమే నా ప్రేమ అని ఎలా చెప్పను? మా నాయనమ్మ దగ్గర నేర్చుకున్నది అదే.

ఇంతవరకు రాసి, శనివారం పొద్దున చెల్లెలి పోర్షన్‌లో కూర్చుని చదివాను. మనవరాలు పాపను భుజాన వేసుకుని గది ఈ మూల నుంచి ఆ మూలకు తిరుగుతూనే వింది. చదవడం అయ్యాక ఆగింది. “అమ్మమ్మా, అంత నిజమేనా?”

మా చెల్లెలు నా చేతిలోని కాగితాలు తీసుకుని మడతపెట్టింది. నాకు కుర్చీలో ఒళ్లు నిలవడం లేదు.

“అన్నా,” అంది, “ఒకటి తప్పు రాసినవ్.”

“పులిని తీసేసిన గద!”

“పులి గాదు. నాయనమ్మ తిరిగి చూడలే అన్నవ్ సూడు, అది తప్పు. చూసింది. గడ్డివాము కాడ ఉన్న పెద్దమ్మకు ఎదురుంగనే ఆమె మొకం కనపడ్డదట. నా పెండ్లి నాడు పసుపు రాసుకుంట పెద్దమ్మే నాకు చెప్పింది. చూస్తే పిల్ల బతకదన్నరు, అయినా చూసింది. చూడకుండ పోవుడు ఆ ముసల్దానితోటి కాలే. నువ్వప్పుడు కోడిని చూస్తున్నవ్.” మనవరాలి వైపు తిరిగి పాపకు చేతులు చాచింది. “ఇటియ్యి. రేపు నా పేరు పెట్టేటప్పుడు గీ ముచ్చట చెప్పి పెట్టు బిడ్డా. మీ తాత నేర్చుకున్నది గాదు.”